సాక్షి సంతకం పెట్టిన పాపానికి నాలుగో నిందితుడు (ఏ-4) అయిన బావ: ముందస్తు బెయిల్ వస్తుందా?

ఓరుగల్లు_బాటసారి | మంగళవారం, రాత్రి 11:52

నమస్తే అందరికీ. అర్ధరాత్రి ఇంత పెద్ద పోస్ట్ పెడుతున్నానని ఏమనుకోకండి, ఇంట్లో ఎవరికీ నిద్ర లేదు.

మా బావ, అంటే అక్క భర్త, సర్కారు బడిలో టీచర్. 2022లో ఆయన దోస్త్ ఒకాయన హసన్‌పర్తి వైపు రింగు రోడ్డుకు దగ్గరలో 300 గజాల ప్లాటు అమ్మాడు. ప్లాటు ఆయనది కాదు, జీపీఏ (జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, అంటే ఓనరు తన తరఫున అమ్మమని రాసిచ్చే కాగితం) మీద అమ్మాడు. రిజిస్ట్రేషన్ రోజు ఒక సాక్షి రాలేదట. బావకు ఫోన్ చేసి "సారూ, ఐదు నిమిషాల పని, ఆధార్ కార్డు పట్టుకుని రా" అన్నాడు. బావ ఇంటర్వెల్‌లో బండేసుకుని పోయి సంతకం పెట్టి, మళ్లీ బెల్లు కొట్టేలోపు బడికి వచ్చేశాడు. అంతే.

ఇప్పుడు బయటపడ్డది ఏందంటే, ఆ జీపీఏ ఇచ్చిన అసలు ఓనరు 2019లోనే చనిపోయాడు. రెండు నెలల కింద ఆయన బిడ్డలు వచ్చి ప్లాటు చుట్టూ కడీలు పాతితే కొన్నాయనకు సంగతి తెలిసింది. 27 లక్షలు పెట్టి కొన్నాడు, పోయిన వారం కేసు పెట్టాడు. ఏ-1 జీపీఏ హోల్డర్, ఏ-2 బ్రోకరు, ఏ-3 ఇంకో సాక్షి, ఏ-4 మా బావ. సెక్షన్లు 420, 467, 468, 471, 120బి, అంటే మోసం, ఫోర్జరీ, కుట్ర.

నిన్న బావ ఫోన్‌కు వాట్సాప్‌లో నోటీసు ఫోటో వచ్చింది, గురువారం స్టేషన్‌కు రమ్మని. పోతే కూర్చోబెడతారని ఒకరు, పోకపోతే పరారీలో ఉన్నాడని రాస్తారని ఒకరు. ముందస్తు బెయిల్ వస్తుందా? హన్మకొండలోనే వేయాలా, హైకోర్టుకు పోవాలా? తెలిసినవాళ్లు చెప్పండి, దండం పెడతా.

---

పాతబస్టాండ్ | బుధవారం, ఉదయం 6:10

టెన్షన్ పడకు తమ్మీ. ఇది పక్కా సివిల్ మ్యాటర్. భూమి పంచాయితీలో పోలీసులకు ఏం పని? హైకోర్టులో 482 వేసి కేసు కొట్టేయించుకోండి, అయిపోతది. మా వాడకట్టులో ఒకాయన గట్లనే చేశాడు.

---

గుంటకు_121 | బుధవారం, ఉదయం 7:35

నేను ఈ ప్లాట్ల ధంధాలో పద్నాలుగేళ్ల నుంచి ఉన్నా, తిట్టేవాళ్లు తిట్టుకోండి. రిజిస్ట్రేషన్ ఆఫీసు దగ్గర సాక్షి సంతకం అంటే ఎవరికీ లెక్క లేదు. ఒక్కోసారి డాక్యుమెంట్ రైటర్ దగ్గర చాయ్ తాగుతున్న మనిషినే పిలిచి పెట్టిస్తారు. పెట్టేవాడు చదవడు, పెట్టించేవాడు చదవనియ్యడు. అయితే బాటసారి అన్నా, ఒకటి అడగాలె. మీ బావ డాక్యుమెంట్ చివర సాక్షిగానే సంతకం పెట్టాడా, లేక సబ్ రిజిస్ట్రార్ ముందు "ఈ మనిషి నాకు తెలుసు" అని గుర్తింపు సాక్షిగా కూడా నిలబడ్డాడా? రెండూ ఒకటి కావు.

---

నల్లకోటు_హన్మకొండ | బుధవారం, ఉదయం 8:20

అదాలత్ దగ్గర పదకొండేళ్లుగా క్రిమినల్ ప్రాక్టీసు చేస్తున్నాను. ఫైలు చూడకుండా చెప్పగలిగినంత చెబుతాను, మీ వకీలు మాటే ఫైనల్.

ముందు పాతబస్టాండ్ గారి 482 గురించి. ఈ నంబరు దగ్గర ఈమధ్య చాలామంది పప్పులో కాలేస్తున్నారు. పాత సీఆర్‌పీసీ (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్)లో 482 అంటే కేసు కొట్టేయమని హైకోర్టును అడిగే సెక్షన్, ముందస్తు బెయిల్ 438. 2024 జులై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత వచ్చింది. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన అందులో ముందస్తు బెయిలే 482 అయింది, కొట్టివేత 528కి పోయింది. పాత అలవాటుతో ఎవరైనా "482 వెయ్" అంటే ఏది వెయ్యమంటున్నారో అడిగి మరీ తెలుసుకోండి. పోయిన నెల నా దగ్గరికే ఒక పెద్దాయన కొట్టివేతకు ఫీజు మాట్లాడుకుని బెయిల్ పిటిషన్ కాపీ పట్టుకుని వచ్చాడు.

రెండోది, మీ ఎఫ్‌ఐఆర్‌లో 420 అని పాత నంబర్లే ఎందుకున్నాయని అనుమానం రావచ్చు. నేరం జరిగిందంటున్నది 2022లో, అప్పుడు ఐపీసీయే ఉంది కాబట్టి సెక్షన్లు ఐపీసీవే పెడతారు. కానీ ఇప్పుడు వేసే బెయిల్ పిటిషన్ కొత్త చట్టం 482 కిందే వెళుతుంది. ఇదే మోసం నేడు జరిగితే 420 బదులు, ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత 318(4) పడేది.

అసలు ప్రమాదం 467లో ఉంది. 420కి, 468కి శిక్ష గరిష్ఠంగా ఏడేళ్లు. ఏడేళ్ల దాకా శిక్ష పడే కేసుల్లో కనబడగానే అరెస్టు చేయకూడదు, ముందు నోటీసు ఇచ్చి పిలవాలి, అరెస్టు చేస్తే ఎందుకో రాయాలి అని 2014లో అర్నేష్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పటి 41ఏ నోటీసే నేటి 35(3) నోటీసు. కానీ 467, అంటే విలువైన పత్రాల ఫోర్జరీ, యావజ్జీవం దాకా పోతుంది. అది చేరిందంటే ఆ రక్షణ కచ్చితంగా ఉందని చెప్పలేం. అందుకే భూమి కేసుల్లో కంప్లైంట్ రాసేవాళ్లు 420తో ఆగరు, 467 పక్కన పెట్టిస్తారు.

మీ నోటీసు మీద ఏ సెక్షన్ ఉందో చూడండి. 179 అయితే సాక్షిగా పిలిచినట్టు, 35(3) అయితే నిందితుడిగా పిలిచినట్టు. ఇంకో సంగతి, 35 కింద నోటీసులు వాట్సాప్‌లో పంపొద్దని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని ఫోన్ స్విచ్ఛాఫ్ చేసి కూర్చోవద్దు. ఆ తెలివి చాలామందిని ముంచింది.

---

కాజీపేట_లోకో | బుధవారం, ఉదయం 9:02

వకీలు సాబ్, రిటైరైన రైలు డ్రైవర్ని, అర్థమయ్యేటట్టు చెప్పండి. ముందస్తు బెయిల్ అంటే ఎఫ్‌ఐఆర్ కాకముందే వేసుకోవచ్చా? పిటిషన్ వేయగానే సిగ్నల్ పడ్డట్టేనా, ఇక ముట్టుకోరా?

---

నల్లకోటు_హన్మకొండ | బుధవారం, ఉదయం 9:30

ఎఫ్‌ఐఆర్ లేకపోయినా వేసుకోవచ్చు. అయితే అరెస్టు చేస్తారన్న భయానికి ఒక ఆధారం చూపాలి, ఊరికే "నా మీద ఎవరో ఏదో కేసు పెడతారేమో" అంటే కుదరదు. 1980లో గుర్‌బక్ష్ సింగ్ సిబ్బియా కేసు నుంచీ ఇదే మాట. 2020లో సుశీలా అగర్వాల్ కేసులో అయిదుగురు జడ్జీలు మళ్లీ ఇదే చెప్పి, ఒకసారి ఇచ్చిన ముందస్తు బెయిల్‌కు సాధారణంగా గడువు పెట్టాల్సిన పనిలేదని కూడా తేల్చారు. అంతకుముందు కొన్నిచోట్ల నాలుగు వారాలకని ఇచ్చి, మళ్లీ రెగ్యులర్ బెయిల్ వేసుకోమనేవారు.

రెండో ప్రశ్నకు, కాదు సార్. పిటిషన్ వేసినంత మాత్రాన సిగ్నల్ పడదు. కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇస్తే తప్ప, పిటిషన్ పెండింగ్‌లో ఉండగా అరెస్టు చేయడానికి అడ్డు లేదు. ఇది చెప్పకుండా కొందరు "నంబరు పడింది, హాయిగా పడుకో" అని క్లయింట్లను ఇంటికి పంపిస్తారు.

ఎక్కడ వేయాలంటే, సెషన్స్ కోర్టుకూ హైకోర్టుకూ రెంటికీ అధికారం ఉంది, ముందు సెషన్స్‌కు పోవడమే పద్ధతి. ఇక్కడ కొట్టేస్తే పైకి దారి ఉంటుంది. నేరుగా పైకి పోతే "అక్కడికి ఎందుకు వెళ్లలేదు" అన్న ప్రశ్నకు జవాబు చెప్పుకోవాలి.

---

మామునూరు_మట్టి | బుధవారం, మధ్యాహ్నం 1:15

ఇక్కడ అందరూ బెయిల్ గురించి మాట్లాడుతున్నారు, కొన్నవాడి గురించి ఒక్కరూ అడగట్లేదు. నేను కొన్నదాన్ని. ఎయిర్‌పోర్టు వస్తుందని మామునూరు వైపు 200 గజాలు కొన్నాం, 2021లో. మా ఆయన పీఎఫ్, నా పుస్తెలతాడు తప్ప మిగతా బంగారం, అంతా అందులో పోసినం. అదే ప్లాటు అంతకుముందే ఇంకొకరికి రిజిస్ట్రేషన్ అయి ఉంది. మా డాక్యుమెంట్‌లో కూడా ఇద్దరు సాక్షులున్నారు. ఒకాయన నా కళ్లలోకి చూసి "భయం లేదమ్మా, క్లియర్ ల్యాండ్" అన్నాడు. తర్వాత ఆయన కూడా ముందస్తు బెయిల్ తెచ్చుకుని దర్జాగా తిరిగాడు.

మీ బావ మంచోడే కావచ్చు. కానీ సాక్షి సంతకం ఉందని చూసే మాలాంటోళ్లు నమ్ముతాం. చదవకుండా పెట్టిన సంతకం చదివి నమ్మినవాడిని ముంచింది.

---

ఓరుగల్లు_బాటసారి | బుధవారం, మధ్యాహ్నం 2:40

అక్కా, మీ మాటకు నా దగ్గర జవాబు లేదు. మా అక్క కూడా పొద్దున బావను ఇదే అడిగింది.

నోటీసు చూశాను, 35(3) అనే ఉంది. గుంటకు_121 అన్నా, బావ డాక్యుమెంట్ చివర సాక్షిగానూ, రిజిస్ట్రార్ దగ్గర గుర్తింపు సాక్షిగానూ రెండు చోట్లా పెట్టాడు. ఇప్పుడే సర్టిఫైడ్ కాపీ తెప్పించి చూస్తే తెలిసింది. ఆయనకే గుర్తు లేదు.

ఇంకో భయం ఉద్యోగం. 48 గంటలు దాటి కస్టడీలో ఉంటే సస్పెన్షన్ అంటున్నారు, నిజమేనా?

---

నల్లకోటు_హన్మకొండ | బుధవారం, రాత్రి 9:45

సస్పెన్షన్ మాట నిజం. 48 గంటలకు మించి కస్టడీలో ఉంటే సస్పెండ్ అయినట్టే లెక్క. కోర్టులో ఈ మాట కూడా చెప్పుకోవచ్చు, కానీ ఇదొక్కటే పట్టుకుని వేలాడితే బెయిల్ రాదు.

ఇక రెండు సంతకాల సంగతి. డాక్యుమెంట్ చివర సాక్షి సంతకం పెట్టాడంటే, రాసిచ్చిన మనిషి తన ముందు సంతకం పెట్టాడని చెప్పినట్టు. లోపల ఉన్న ప్రతి మాటా నిజమని హామీ ఇచ్చినట్టు కాదు. గుర్తింపు సాక్షి అంటే "ఈ మనిషి ఫలానా వ్యక్తే" అని చెప్పడం. ఇక్కడ రిజిస్ట్రార్ ముందు నిలబడ్డది నిజంగా ఆ జీపీఏ హోల్డరే కదా? వేరే మనిషిని తెచ్చి చచ్చిపోయిన ఓనరుగా నిలబెట్టలేదు కదా? అట్లా నిలబెట్టి ఉంటే, ఆయన్ను గుర్తుపట్టిన సాక్షికి బెయిల్ చాలా కష్టమయ్యేది. మీ బావ గుర్తుపట్టిన మనిషి అసలు మనిషే, ఆ మనిషి చెప్పిన మాటే అబద్ధం. పిటిషన్‌లో ముందు చెప్పాల్సింది ఇదే.

మామునూరు_మట్టి గారూ, మీకు తెలియాల్సింది ఒకటుంది. బెయిల్ పిటిషన్‌లో బాధితులు కూడా తమ మాట వినిపించుకోవచ్చు. 2022లో లఖీంపూర్ ఖేరీ కేసులో బాధితుల మాట వినకుండా ఇచ్చిన బెయిల్‌ను సుప్రీంకోర్టు రద్దు చేసింది. వకీలు ద్వారా మెమో వేసి, పబ్లిక్ ప్రాసిక్యూటర్‌కు మీ కాగితాలు అందించవచ్చు. బెయిల్ తెచ్చుకున్న మనిషి సాక్షులను బెదిరించినా, షరతులు తప్పినా రద్దుకు వేయవచ్చు. మీకు ఇది ఎవరూ చెప్పి ఉండరు.

---

మానేరు_గట్టు | గురువారం, ఉదయం 6:50

కరీంనగర్ నుంచి. మా చిన్నాన్న మీద ఇలాంటిదే పడ్డది, సాదాబైనామా (రిజిస్ట్రేషన్ లేకుండా తెల్లకాగితం మీద రాసుకున్న అమ్మకం) మీద కొన్న భూమిని అమ్మిండని. బెయిల్ ఇచ్చిండ్రు గాని, ముందు 6 లక్షలు కోర్టులో కట్టమన్నరు. ఆరు లక్షలు యాడ తేవాలె? బర్రెలమ్మి, మిత్తికి తెచ్చి కట్టినం. గిట్ల కట్టించుకునుడు న్యాయమేనా?

---

నల్లకోటు_హన్మకొండ | గురువారం, ఉదయం 7:15

2023 జులైలో రమేష్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు దీని గురించే మాట్లాడింది. ఢిల్లీలో ముందస్తు బెయిల్‌కు 22 లక్షలు కట్టాలన్న షరతు పెడితే దాన్ని కొట్టేసింది. మోసం కేసులో బెయిల్ అడిగితే డబ్బు వసూలు చేసి పెట్టడం కోర్టు పని కాదు, దానికి సివిల్ దావా ఉంది అని. అయితే నిందితుడే తానుగా "నేను కడతాను" అని ముందుకొస్తే అది వేరు. మా వకీళ్లలోనే కొందరు, బెయిల్ త్వరగా వస్తుందని క్లయింట్‌తో ఆ మాట అనిపిస్తారు. అన్నాక కట్టక తప్పదు. మీ చిన్నాన్న కేసులో అదే జరిగిందేమో ఆర్డర్ కాపీ చదివి చూడండి.

---

పాతబస్టాండ్ | గురువారం, ఉదయం 8:00

482 తప్పు ఒప్పుకుంటున్నా. కానీ వకీలు గారూ, మాది కాని భూమిని మాదేనని అమ్మినా ఫోర్జరీ కాదని సుప్రీంకోర్టు చెప్పింది కదా? మొహమ్మద్ ఇబ్రహీం కేసు, 2009. మా అల్లుడు లా చదువుతున్నాడు, రాత్రి వాడే చెప్పాడు. అదే లెక్కన 467 పోతుంది కదా ఏ-1కు కూడా?

---

నల్లకోటు_హన్మకొండ | గురువారం, ఉదయం 8:40

మీ అల్లుడు సగం చదివి పడుకున్నాడు :) ఆ తీర్పులో రెండు ముక్కలున్నాయి. "ఇది నాదే" అని అబద్ధమాడి తన పేరుతో అమ్మితే, అది తప్పుడు పత్రం సృష్టించడం కాదు, కొన్నవాడికి మోసం జరిగి ఉండొచ్చు గాని ఫోర్జరీ కాదు అన్నారు. నిజమే. కానీ ఓనరు తనకు అధికారం ఇచ్చాడని, లేని అధికారం ఉన్నట్టు చెప్పి ఓనరు తరఫున రాసిస్తే, అది వేరే సంగతి అని కూడా అదే తీర్పులో ఉంది. ఇక్కడ ఏ-1 చేసింది ఈ రెండోదే. కాబట్టి ఆ తీర్పు ఏ-1కు అడ్డం తిరుగుతుంది.

ఏ-1 వకీలు వాదించేది ఇంకోటి ఉంటుంది, చూడండి. మన దగ్గర ఎక్కువగా నడిచేది ఏజీపీఏ, అంటే డబ్బు ముట్టజెప్పి రాయించుకున్న అగ్రిమెంట్‌తో కూడిన జీపీఏ. మామూలు జీపీఏ అయితే, ఇచ్చినవాడు చనిపోతే ఆయనతోనే పోతుంది. డబ్బిచ్చి హక్కు సంపాదించుకున్న ఏజెన్సీ అయితే చావుతో రద్దు కాదని కాంట్రాక్టు చట్టం 202 చెబుతుంది. "నాది రెండో రకం" అంటాడు. నిజంగా డబ్బు ఇచ్చాడా లేదా అన్నది బ్యాంకు స్టేట్‌మెంట్ తేలుస్తుంది. అట్లాగే, జీపీఏతో యాజమాన్యం రాదని 2011లో సూరజ్ ల్యాంప్ కేసులో తేల్చేశారు, పదిహేనేళ్లు కావస్తున్నా మన ప్లాట్ల మార్కెట్‌కు ఆ కబురు పూర్తిగా అందలేదు.

---

గుంటకు_121 | గురువారం, ఉదయం 9:10

అందినా విననట్టు ఉంటాం సార్. ఈసీ (ఆస్తి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాలు చెప్పే సర్టిఫికెట్) తీసుకున్నాక నేను అడిగేది ఒకటే, జీపీఏ ఇచ్చినాయనను వీడియో కాల్‌లో చూపించు అని. చూపించలేకపోతే బేరం బంద్. దీనివల్ల నాకు నాలుగు డీల్స్ పోయాయి.

---

ఓరుగల్లు_బాటసారి | గురువారం, రాత్రి 10:20

ఈ రోజు బావను వకీలుతో పాటు స్టేషన్‌కు పంపాము. సాయంత్రం అయిదింటికి వదిలేశారు. మర్యాదగానే మాట్లాడారు. కానీ వచ్చాక బావ అన్నం ముందు కూర్చుని ముద్ద ముట్టలేదు. ఎస్సై ఒక కాగితం చూపించాడట. రిజిస్ట్రేషన్ అయిన తెల్లారి ఏ-1 అకౌంట్ నుంచి బావకు ఫోన్‌పేలో 25 వేలు వచ్చాయి.

నాకూ, మా అక్కకూ ఇది ఇప్పుడే తెలిసింది. మొదట "చేబదులు ఇచ్చిన పైసలు తిరిగిచ్చాడు" అన్నాడు. అక్క ఊరుకోలేదు. చివరికి చెప్పాడు, చేబదులు కాదు, "సారూ, పండక్కి బట్టలు తీసుకో" అని పంపాడని, వద్దనలేకపోయానని. అప్పుడు అది దసరా ముందు.

పిటిషన్ రేపు వేస్తున్నాం. చుట్టాల్లో ఒకాయన చేబదులు అనే రాయమంటున్నాడు, నోటు కూడా పాత తారీకుతో రాయించి ఇస్తానంటున్నాడు. ఏం చేయాలో తెలియట్లేదు.

---

మామునూరు_మట్టి | గురువారం, రాత్రి 10:31

అదీ సంగతి.

---

నల్లకోటు_హన్మకొండ | గురువారం, రాత్రి 10:50

ఆ చుట్టాన్ని ఇంటి గడప తొక్కనివ్వకండి. ఇప్పటిదాకా మీ బావ ఫోర్జరీ చేయలేదు. పాత తారీకుతో నోటు రాయించిన నిమిషం నుంచి చేసినవాడవుతాడు, అదీ ఒక ఫోర్జరీ కేసులో నిలబడి.

25 వేల సంగతి పోలీసుల దగ్గర ఉంది, రేపు పీపీ (పబ్లిక్ ప్రాసిక్యూటర్) చేతికి వెళుతుంది. పిటిషన్‌లో దాచితే జడ్జిగారి ముందు పీపీ ఆ కాగితం తీసి పెడతారు, ఇక ఏ మాట చెప్పినా నమ్మరు. ముందస్తు బెయిల్‌లో కోర్టు చూసేది కేసు నిజమా అబద్ధమా అని కాదు. ఈ మనిషి పాత్ర ఎంత, పారిపోతాడా, సాక్ష్యాలు మాయం చేస్తాడా, కస్టడీలోకి తీసుకుని అడిగితే తప్ప బయటపడని విషయం ఏదైనా ఆయన దగ్గర ఉందా. డబ్బు వచ్చింది, ఇదిగో స్టేట్‌మెంట్, ఫోన్ కూడా ఇస్తాను అని మీరే పెట్టేస్తే, కస్టడీలో అడగడానికి మిగిలేది ఏముంది? 27 లక్షల్లో ఆయన చేతికి వచ్చింది 25 వేలు అన్నది కూడా ఆ కాగితమే చెబుతుంది.

ఆ డబ్బు ఇప్పుడు ఏ-1కు తిరిగి పంపొద్దు. ఫోన్‌లో మాట్లాడొద్దు కూడా. ఫోన్‌లో పాత మెసేజీలు ఏవీ డిలీట్ చేయకండి, తిట్టుకున్నవైనా సరే.

---

కాజీపేట_లోకో | శుక్రవారం, ఉదయం 5:40

25 వేలకు ఎంత తిప్పలు. బాటసారీ, మీ అక్కను ధైర్యంగా ఉండమను.

---

మోడరేటర్ | శుక్రవారం, ఉదయం 11:00

రాత్రి ఒక సభ్యుడు ఏ-1 పేరు, ఊరు, ఫోటో పెట్టారు. తీసేశాను. కేసు నడుస్తున్నప్పుడు పేర్లు పెట్టొద్దు. "కోర్టులో మనిషి ఉన్నాడు, బెయిల్ గ్యారంటీ" అన్న పోస్ట్ కూడా తీసేసి, ఆ సభ్యుడిని పంపేశాను.

---

ఓరుగల్లు_బాటసారి | తర్వాతి శుక్రవారం, సాయంత్రం 7:15

వారం రోజులు ఇటువైపు రాలేదు, మన్నించండి.

పిటిషన్ పోయిన శుక్రవారం వేశాం. మధ్యంతర ఉత్తర్వు అడిగితే ఇవ్వలేదు, పీపీ కౌంటర్ కోసం బుధవారానికి వేశారు. ఆ అయిదు రోజులు మా ఇంట్లో గేటు చప్పుడైతే చాలు అందరం లేచి నిలబడ్డాం. బావ మాత్రం రోజూ బడికి పోయాడు. పోవద్దని అమ్మ ఏడ్చింది. "పోకపోతే పారిపోయినట్టే కదా అత్తమ్మా" అన్నాడు. హాజరు రిజిస్టర్ కాపీ కూడా వకీలు కోర్టులో పెట్టాడు.

బుధవారం వాదనలు జరిగాయి. 25 వేల గురించి మా పిటిషన్ మూడో పేజీలోనే ఉంది. పీపీ గారు ఆ మాట ఎత్తగానే జడ్జిగారు "వాళ్లే రాశారు కదా" అన్నారు. కొన్నాయన తరఫు వకీలు కూడా గట్టిగానే మాట్లాడాడు, సాక్షులు లేకపోతే ఆ రిజిస్ట్రేషనే అయ్యేది కాదని. అది విని బావ తల దించుకున్నాడు.

నేడు ఆర్డర్ వచ్చింది. ఏ-3కు, బావకు ఇచ్చారు. ఏ-1ది కొట్టేశారు, ఒరిజినల్ జీపీఏ ఎక్కడుందో, మిగతా డబ్బు ఎటు పోయిందో తేలాలని. బావకు 25 వేల బాండు, అంతే మొత్తానికి ఇద్దరు షూరిటీలు (జామీనుదారులు), చార్జిషీటు దాకా ప్రతి ఆదివారం పొద్దున 10 నుంచి 1 లోపు స్టేషన్‌లో సంతకం, సాక్షుల జోలికి పోవద్దు. అయితే 15 రోజుల్లోపు ఎస్‌హెచ్‌ఓ (స్టేషన్ అధికారి) ముందు లొంగిపోవాలని ఉంది. లొంగిపోవడం అంటే మళ్లీ అరెస్టేనా?

---

నల్లకోటు_హన్మకొండ | శుక్రవారం, రాత్రి 8:05

సంతోషం. అది కాగితం మీద అరెస్టు. షూరిటీలను తీసుకుని వెళతారు, అరెస్టు చూపించి, బాండు తీసుకుని అక్కడే వదిలేస్తారు. గంటో రెండు గంటలో పని. ఆ 15 రోజులు దాటనివ్వకండి. బడిలో హెడ్‌మాస్టర్ ద్వారా పై ఆఫీసుకు ఆర్డర్ కాపీతో సహా రాతపూర్వకంగా తెలియజేయండి, ఎవరో చెబితే తెలిసేకంటే అది నయం.

కేసు అయిపోలేదు. ఇది కేసు నడిచినన్నాళ్లు బయట ఉండడానికే. చార్జిషీటులో ఏ-4గా ఉంచుతారో, పేరు తీసి సాక్షిగా మారుస్తారో చూడాలి. 528 గురించి అప్పుడు ఆలోచిద్దాం.

---

మామునూరు_మట్టి | శుక్రవారం, రాత్రి 9:20

దాచకుండా రాసినందుకు సంతోషం. మా సాక్షి అట్లా రాయలేదు. మీరు చెప్పినట్టే సోమవారం మా వకీలుతో మెమో వేయిస్తున్నాను, మా కేసులో ఏ-2 బెయిల్ పిటిషన్‌లో.

---

ఓరుగల్లు_బాటసారి | తర్వాతి వారం ఆదివారం, మధ్యాహ్నం 12:30

షూరిటీలు దొరకడానికి నాలుగు రోజులు పట్టింది. సాక్షి సంతకానికి పిలిస్తే ఇంటర్వెల్‌లో పరిగెత్తిన మనిషికి, షూరిటీ సంతకానికి ఎవరూ రాలేదు. చివరికి బావ బడిలోనే పనిచేసే లెక్కల సార్, మా మేనమామ నిలబడ్డారు. లెక్కల సార్ బాండు ముందుపేజీ నుంచి వెనకపేజీ దాకా చదివి, రెండు ప్రశ్నలడిగి, అప్పుడు పెట్టాడు.

నేడు మొదటి ఆదివారం. నేనూ పోయాను. స్టేషన్‌లో రిజిస్టర్ ముందు పెడితే బావ కళ్లద్దాలు తీసి తుడుచుకుని, పై నుంచి ఒక్కో లైను చదవడం మొదలుపెట్టాడు. పేరు, కేసు నంబరు, తారీకు. వెనక ఇంకో ఇద్దరు నిలబడి ఉన్నారు. కానిస్టేబుల్ రెండు నిమిషాలు ఊరుకుని "సారూ, సంతకమొక్కటే పెట్టాలె" అన్నాడు.

"తారీకు తప్పు పడ్డది, నిన్నటిది రాసిండ్రు" అన్నాడు బావ.

కానిస్టేబుల్ చూసి, కొట్టేసి, దిద్ది పక్కన పొట్టి సంతకం పెట్టాడు. అప్పుడు బావ పెట్టాడు.

---

గుంటకు_121 | ఆదివారం, మధ్యాహ్నం 1:05

బాటసారి అన్నా, ఆ లెక్కల సార్ శుక్రవారం ఖాళీగా ఉంటారా? ఒక రిజిస్ట్రేషన్‌కు సాక్షి కావాలి. పైసలేం ఇవ్వను, కాగితాలు మాత్రం ముందు రోజే పంపిస్తా.